అంకెలతో కట్టదలచిన దివ్యభాష

మనుష్యులు తగవులాడునప్పుడు మాటలు పెరుగును. లెక్క కట్టునప్పుడు మాటలు తగ్గును. 17ను 8ని కూడిన 25 అని యొకడును, 26 అని యింకొకడును పట్టుబట్టిరేని వారు కత్తులు దూసికొనరు. పలక తీసి మరల కూడుదురు. ఎవరిది తప్పో అప్పుడే తేలును. తప్పినవాడు నవ్వుకొని ఊరకుండును. అతని కులమేమి, మతమేమి, ఇంట మాటాడు భాష యేమి అని అడుగవలసిన పనియే లేదు. ధర్మమును గూర్చి, దేవుని గూర్చి, పరలోకమును గూర్చి వచ్చు తగవులు కూడ ఇట్లే పలకమీద తీరిపోయినచో ఎంత బాగుండును! ఈ యాశతోనే ఐరోపా ఖండమున కొందరు మహామేధావులు ఒక క్రొత్త భాషను నిర్మింపబూనిరి. అక్షరములకు బదులు అంకెలు, వాక్యములకు బదులు లెక్కలు, వాదమునకు బదులు గణనము గల భాష యది. దైవసత్యమును ఎల్ల జాతులవారికిని తిరుగులేకుండ చూపుట వారి ముఖ్యోద్దేశములలో నొకటి గనుక దానిని దివ్యభాష యనుట తప్పు కాదు.

ఆ భాష సిద్ధింపలేదు. ఏల సిద్ధింపలేదో, సిద్ధింపకయే లోకమునకు ఏమి మేలు చేసెనో ఈ వ్యాసమున చెప్పదలచినాము. ఇది గణితశాస్త్రపు ముచ్చట మాత్రమే కాదు. ఇంట తెలుగు, వీథిలో కన్నడము, పై చదువులకు ఇంగ్లీషు అని మూడు భాషల నడుమ పెరుగుచున్న మన పాఠశాల విద్యార్థులకు, "ఇన్ని భాషలెందులకు? అందరికిని ఒక్కటి చాలదా?" అను ప్రశ్న ఎప్పుడో యొకప్పుడు ఎదురుకాక మానదు. ఆ ప్రశ్నను మీకంటె ముందు, మీకంటె గట్టిగా అడిగినవారి కథ ఇది.

మొదట నొక భేదమును గుర్తింపవలెను. అక్షరములకును అంకెలకును ముడివేయుట మన దేశమునకు క్రొత్త కాదు. సంగీతము నేర్చు పిల్లలకు కటపయాది సంఖ్య తెలిసియే యుండును. 'క' మొదలు 'ఝ' వరకు 1 నుండి 9. 'ట' మొదలు 'ధ' వరకు మరల 1 నుండి 9. 'ప' మొదలు 'మ' వరకు 1 నుండి 5. 'య' మొదలు 'హ' వరకు 1 నుండి 8. 'ధీరశంకరాభరణము' అన్నప్పుడు 'ధీ'కి 9, 'ర'కు 2. అంకెలను కుడినుండి ఎడమకు వ్రాయవలెను గనుక 29 వచ్చును. అది 29వ మేళకర్త. 'మేచకల్యాణి'లో 'మే'కు 5, 'చ'కు 6. అది 65వ మేళకర్త. ఆర్యభటుడు మరియొక పద్ధతిని కల్పించి, 43,20,000 అను పెద్దసంఖ్యను 'ఖ్యుఘృ' అను రెండక్షరములలో నిమిడ్చెను.

మన మున్న కన్నడదేశమున 'సిరిభూవలయము' అను జైనగ్రంథ మొకటి కుముదేందు ముని పేర ప్రసిద్ధమైనది. అది 1953లో బెంగుళూరున అచ్చయినది. అందు పద్యములకు బదులు అంకెల చక్రములే కనబడును. నిలువున 27, అడ్డముగ 27, మొత్తము 729 గళ్ళు; గడి కొక యంకె; ఆ యంకెలు 1 నుండి 64 లోపలివి. ఒక్కొక్క యంకె ఒక్కొక్క ధ్వనికి గుర్తు. గడులలో నడువవలసిన దారి తెలిసినవానికి పద్యము దొరకును. ఆ గ్రంథకాలమును గూర్చియు, అందు అనేక భాషల గ్రంథము లిమిడియున్న వను మాటను గూర్చియు పండితులలో ఏకాభిప్రాయము లేదు.

వీనియన్నిటియందును అంకె ధ్వనికి గుర్తు. అంకె యను తెరను తొలగించినచో దాని వెనుక సంస్కృతమో కన్నడమో ఎప్పటివలెనే యుండును. ఐరోపా పండితులు కోరినది ఇది కాదు. అంకె ధ్వనికి గాక అర్థమునకే గుర్తు కావలెనని వారి పట్టుదల. అప్పుడు తెర వెనుక ఏ దేశభాషయు ఉండదు, అర్థమే ఉండును. ఇదియే వారి కలలోని క్రొత్తదనము.

ఈ దారి త్రొక్కినవారిలో మొట్టమొదట చెప్పదగినవాడు రామోన్ లుల్. ఈతడు సుమారు 1232లో మధ్యధరా సముద్రమునందలి మజోర్కా ద్వీపమున జన్మించెను. ఆ ద్వీపమున క్రైస్తవులు, ముసల్మానులు, యూదులు కలసి నివసించుచుండిరి. ఒక్కొక్క మతమువారు తమ గ్రంథమును ప్రమాణముగ చూపుదురు. ఎదుటివారు ఆ గ్రంథమునే ఒప్పుకొనరు. ఇక వాదము ముందుకు సాగుట యెట్లు? మూడు మతములవారును అంగీకరించు మాటలతోనే వాదము నడుపవలెనని లుల్ తలపోసెను. దైవమునకు మంచితనము, మహత్త్వము, నిత్యత్వము, శక్తి, జ్ఞానము, సంకల్పము, సద్గుణము, సత్యము, మహిమ కలవని మూడు మతములవారును ఒప్పుకొందురు. ఈ తొమ్మిదింటికి లాటిన్ లిపిలోని 'బి' మొదలు 'కె' వరకుగల తొమ్మిదక్షరములను గుర్తులుగ పెట్టెను. ఆ వరుసలో ఆనాడు 'జె' లేదు.

తరువాత ఆ యక్షరములను ఒకదానిలో నొకటి తిరుగు మూడు చక్రములమీద వ్రాసెను. చక్రములను త్రిప్పినకొలది అక్షరములు మూడేసిగా జతపడును. తొమ్మిదింటిలో మూడేసి చొప్పున ఎన్నుకొనిన 84 విధములు వచ్చునని మీ గణితోపాధ్యాయులు చెప్పుదురు. ఒక్కొక్క కూర్పు ఒక్కొక్క ప్రశ్న. దాని నుండియే జవాబును తీయవలెను. 1308లో ముగించిన సంగ్రహగ్రంథమున ఈ విద్య యంతయు ఆయన క్లుప్తముగ చెప్పెను. మాటలను యంత్రమువలె త్రిప్పి సత్యమును రాబట్టవచ్చునను తలంపు ఐరోపాలో ఇంత స్పష్టముగ రూపుదాల్చుట ఇదియే తొలిసారి.

ఇచ్చట నొక సంగతి గమనింపదగినది. ఇంత యంత్రమును కల్పించిన లుల్, ముసల్మానులతో మాటాడుటకు అరబ్బీ భాషను తొమ్మిదేండ్లు కష్టపడి నేర్చుకొనెను. 1276లో మిరామార్ అనుచోట పదుముగ్గురు సన్యాసులకు అరబ్బీ నేర్పు మఠమును స్థాపింపజేసెను. తన గ్రంథములలో అనేకములను కెటలాన్ అను తన తల్లిభాషలోనే రచించెను. చక్రములు తిరుగుటకు ముందు, ఎదుటివాని యెదుట కూర్చుండి అతని మాటలో పలుకరింపవలసియున్నదని ఆయనకు తెలియును.

లుల్ గతించిన మున్నూరేండ్లకు ఐరోపాలో మతకలహములు ముదిరిపోయెను. 1618 మొదలు 1648 వరకు ముప్పదేండ్ల యుద్ధము జర్మన్ దేశములను పాడు చేసెను. ఒకే దేవుని కొలుచు రెండు శాఖలవారు ఒకరినొకరు చంపుకొనిరి. పండితుల భాషయైన లాటిన్ పలుకుబడియు సన్నగిల్లుచుండెను. బైబిలు గ్రంథమున బాబెలు గోపురపు కథ యున్నది. మనుష్యులు ఆకాశమునంటు గోపురమును కట్టబోగా దేవుడు వారి భాషను తారుమారు చేసెనని యందు చెప్పబడినది. ఆ శాపమును మనుష్యప్రయత్నముచే తొలగింపవచ్చునా యని పండితు లాలోచింపసాగిరి.

1629 నవంబరులో ఫ్రెంచి తత్త్వవేత్త డెకార్ట్ తన మిత్రుడగు మెర్సెన్‌కు వ్రాసిన లేఖలో ఈ విషయమును ప్రస్తావించెను. అంకెల పేర్లను ఒక్క దినములో నేర్చుకొని, ఎన్నడును వినని పెద్దసంఖ్యలనుగూడ పలుకగలుగుచున్నాము గదా. తలంపులకును అట్టి వరుస దొరకినచో క్రొత్త భాష సాధ్యమే యని ఆయన యభిప్రాయము. కాని ఆ వరుస దొరకవలెనన్న ముందు సత్యమైన తత్త్వశాస్త్రము పూర్తి కావలెను. ఏ తలంపులు మూలమైనవో, ఏవి వానినుండి పుట్టినవో తెలియవలెను. అంతవరకు ఇట్టి భాష వాడుకలోనికి వచ్చునను ఆశ ఆయనకు లేదు. తరువాతివారి కష్టములన్నియు ఈ యొక్క సందేహములోనే యిమిడియున్నవి.

ఇంగ్లండు దేశమున జాన్ విల్కిన్స్ అను మతాచార్యుడు ఆ సందేహమును లెక్కచేయక సాహసించెను. 1668లో అచ్చయిన తన మహాగ్రంథమున లోకమునందలి సమస్తవస్తువులను, గుణములను, క్రియలను 40 వర్గములుగ విభజించెను. వర్గమునకు రెండక్షరములు, ఉపవర్గమునకు ఒక హల్లు, దానిలోని భేదమునకు ఒక యచ్చు. 'దె' యనగా భూతము. 'దెబ్' అనగా అందు మొదటిదగు అగ్ని. 'దెబ' యనగా జ్వాల. ఈ భాషలో పదమును వినినంతనే వస్తువు చోటు తెలియును. మెచ్చదగిన పనియే. కాని దగ్గరి వస్తువులకు దగ్గరి పేర్లే వచ్చుటచేత ఒక్క యక్షరము జారిన ఒక వస్తువు మరియొక వస్తువైపోవును. వాడుక భాషలో 'పాలు', 'నీళ్ళు' అను మాటలు ఎంత దూరముగ ఉన్నవో చూడుడు. ఆ దూరము మనకు కాపుదల. అదియుగాక, క్రొత్త వస్తువు కనబడినప్పుడెల్ల నలువది వర్గముల యిల్లంతయు సవరింపవలసి వచ్చును.

వీరందరి తలంపులను ఒకచోట చేర్చి గణితమునకు ముడివేసినవాడు గాట్‌ఫ్రీడ్ విల్‌హెల్మ్ లైబ్నిట్జ్. ఈతడు ముప్పదేండ్ల యుద్ధము ముగియుటకు రెండేండ్లు ముందు, 1646లో, లైప్‌జిగ్ నగరమున జన్మించెను. 1666లో, ఇరువదేండ్ల ప్రాయమున, పదముల కూర్పును గూర్చి ఒక గ్రంథమును ప్రకటించి లుల్ చక్రములను విమర్శించెను. చక్రములు కావు, అంకెలే కావలెనని తరువాత ఆయనకు తోచెను. 1679లో వ్రాసికొనిన పత్రములలో ఆ పద్ధతిని వివరించెను. అది ఎనిమిదవ తరగతి విద్యార్థికిని అందును.

ప్రధాన సంఖ్యలు, అనగా 2, 3, 5, 7, 11 మొదలగునవి, వేరు సంఖ్యల గుణకారమున పుట్టవు. మిగిలిన సంఖ్యలన్నియు వీని గుణకారమున పుట్టును. తలంపులును అట్టివే యని లైబ్నిట్జ్ ఊహించెను. కొన్ని మూలములు; మిగిలినవి వాని కూర్పులు. 'జీవి' అను తలంపునకు 2, 'వివేకము గలది' అను తలంపునకు 3 అని పెట్టినచో, వివేకము గల జీవియగు మనుష్యునికి 2×3=6 వచ్చును. ఇక 'మనుష్యుడు జీవియా?' అని వాదింప నక్కరలేదు. 6ను 2 నిశ్శేషముగ భాగించును, అవును. 'జీవులన్నియు మనుష్యులేనా?' 2ను 6 భాగింపదు, కాదు. భాగహారమే న్యాయాధిపతి.

ఇందొక చిక్కు వచ్చెను. మన యుదాహరణమునకు విద్వాంసునికి 7, రాతికి 11 అని పెట్టుకొందము. 6ను 7 భాగింపదు. 11 కూడ భాగింపదు. కనుక 'మనుష్యులందరు విద్వాంసులే' అనుటయు, 'మనుష్యులందరు రాళ్ళే' అనుటయు తప్పులే. ఇంతవరకు సరియే. కాని మనుష్యులలో కొందరు విద్వాంసులు కావచ్చును. రాయి మాత్రము ఒక్కడును కానేరడు. ఈ భేదమును ఆ యంకెలు చెప్పలేకపోయినవి.

లైబ్నిట్జ్ నిరుత్సాహపడలేదు. ఒక్కొక్క తలంపునకు రెండేసి యంకెలను, ఒకటి ధనము, ఒకటి ఋణముగ, పెట్టెను. ఋణసంఖ్య ఆ తలంపుతో పొసగని గుణములకు గుర్తు అని మనము గ్రహించుకొనవచ్చును. మనుష్యునికి +6, −11. రాతికి +11, −2. విద్వాంసునికి +7, −13 అనుకొందము. ఒకదాని ధనసంఖ్యకును రెండవదాని ఋణసంఖ్యకును 1 కాక వేరొక సామాన్యభాజకము ఉన్నచో ఆ రెండు తలంపులును ఎన్నడును కలియవు. మనుష్యుని −11కును రాతి +11కును సామాన్యభాజకము 11. కనుక ఏ మనుష్యుడును రాయి కాడు. మనుష్యునికిని విద్వాంసునికిని అట్టి విరోధము లేదు. కనుక కొందరు మనుష్యులు విద్వాంసులు కావచ్చును. ఈ యంకెల జతలు అరిస్టాటిల్ నాటి తర్కమునకు చక్కగ సరిపోవునని 20వ శతాబ్దమున పోలెండు దేశపు తర్కశాస్త్రజ్ఞుడు లుకాసెవిచ్ చూపెను. కనుక లెక్క కుదిరినది. అందు సందేహము లేదు.

ఇట్టి భాష సిద్ధమైనప్పుడు ఇద్దరు పండితులు తగవులాడుటకు బదులు కలము చేతబట్టి, లెక్క వేసి చూతమురమ్మని ఒకరినొకరు పిలుచుకొందురని లైబ్నిట్జ్ వ్రాసెను. మతప్రచారకులు దీనిని దూరదేశములకు కొనిపోయినచో, బుద్ధికి సమ్మతమగు సత్యమతము తనంతట నిలుచుననియు ఆశించెను. ఎన్నికైన కొందరు పండితులు కలసి కూర్చున్న 5 ఏండ్లలో పని ముగియునని తలచెను. ఆయన 1716 వరకు జీవించెను. పని ముగియలేదు.

ఏల ముగియలేదు? లెక్క తప్పుటచేత కాదు. ఏ తలంపునకు ఏ యంకె పెట్టవలెనో తెలియకపోవుటచేత. 2, 3 అనునవి నిజమైన యంకెలు కావనియు, ఉదాహరణమునకు పెట్టుకొన్నవే యనియు ఆయనయే చెప్పుకొనెను. 'జీవి' నిజముగ మూలమా? కరుణ మూలమా, లేక ప్రేమయు దుఃఖమును గుణింపగా వచ్చినదా? ధర్మమును ఏ ప్రధాన సంఖ్యలుగ విడదీయవలెను? ఇవి తేలినప్పుడే గదా భాగహారము! ఇవి తేలుటకు మరల మాటలతో వాదింపవలసినదే. ఏ తగవును తీర్చుటకు అంకెలను పిలిచితిమో, ఆ తగవు అంకెలకంటె ముందుగ వచ్చి ద్వారమునందే కూర్చున్నది. డెకార్ట్ చెప్పిన చిక్కు ఇదియే.

మన యింటనే దీనికి నిదర్శనము కలదు. తెలుగున 'మేము' వేరు, 'మనము' వేరు. 'మేము పోవుదుము' అనినప్పుడు వినువాడు అందు చేరడు; 'మనము పోవుదము' అనినప్పుడు వినువాడును చేరును. ఇంతటి భేదమును మూడేండ్ల బిడ్డకూడ తప్పక పాటించును. కన్నడమున ఈ రెంటికిని 'నావు' అనునది యొక్కటియే. ఇంగ్లీషున కూడ ఒక్కటియే. తమిళమున మరల రెండు మాటలు కలవు. మేము పొరుగు రాష్ట్రమున ఉపాధ్యాయశిక్షణ ముగించుకొని ఇచ్చటికి వచ్చిన క్రొత్తలో, కన్నడము మాటాడు సహోపాధ్యాయులు 'నావు' అనినప్పుడెల్ల ఆ మాటలో మేమును చేరితిమా లేదా యని వారి ముఖములు చూచి తెలిసికొనెడివారము. ఇప్పుడు చెప్పుడు, దివ్యభాషను కట్టువాడు దీనికి ఒక్క ప్రధాన సంఖ్యను పెట్టవలెనా, రెండు పెట్టవలెనా? తెలుగువాడు రెండనును, కన్నడిగుడు ఒకటి చాలుననును. ఇద్దరిలో ఎవరిదియు తప్పు కాదు. లోకమును చూచుటలో ఒక్కొక్క భాష ఒక్కొక్కచోట గీతలు గీసికొన్నది. ఒక గీతను లెక్కనుండి తీసివేసినచో ఆ గీతతో బ్రదుకుచున్నవారికి ఏదియో కొరతపడును.

లైబ్నిట్జ్ మరియొక దారినిగూడ వెదకెను. 1, 0 అను రెండంకెలతోనే సంఖ్యలన్నిటిని వ్రాయు పద్ధతిని ఆయన సాధించెను. అందు రెండును 10 అనియు, మూడును 11 అనియు, నాలుగును 100 అనియు, ఐదును 101 అనియు వ్రాయవలెను. ఇందు ఆయనకు సృష్టిరహస్యమే గోచరించెను. 1 దైవము, 0 శూన్యము. శూన్యమునుండి దైవము సమస్తమును సృజించెననుటకు ఇది ప్రతిబింబమని 1697లో బ్రున్స్విక్ ప్రభువునకు లేఖ వ్రాసి, ఈ భావముతో ఒక పతకమును ముద్రింపవలసినదని సూచించెను. 1703లో చీనాదేశమునుండి బూవే అను జెసూట్ ఫాదరీ పంపిన లేఖ ఆయనకు చేరెను. అందు 'ఈ-చింగ్' అను ప్రాచీన చీనాగ్రంథపు 64 గుర్తుల పటము ఉండెను. ఒక్కొక్క గుర్తులో ఆరేసి గీతలు. అవి అఖండములో, ఖండితములో. అఖండమును 1గను, ఖండితమును 0గను చదివినచో 0 మొదలు 63 వరకు సంఖ్యలు వరుసగ వచ్చుట చూచి లైబ్నిట్జ్ పరమానందభరితుడయ్యెను. చీనా ఋషులు ఈ గణితమును ముందే యెరుగుదురనుకొనెను. ఆ వరుస 11వ శతాబ్దపు పండితుడగు షావ్ యుంగ్ పేర నడచునది యనియు, ఆ గుర్తులు శకునము చూచుటకేగాని లెక్కకు కావనియు తరువాతివారు తేల్చిరి. పరుల పవిత్రగ్రంథమున మన లెక్కయే కనబడినప్పుడు, అది వారు వ్రాసినదా, మనము చదివికొన్నదా యని ఒక క్షణము ఆగి యోచింపవలెను.

ఇక లెక్కలలోనైనను సత్యమంతయు లెక్కకు చిక్కునా? 1931లో కర్ట్ గెడెల్ అను యువకుడు గణితవాక్యములకే ప్రధాన సంఖ్యల గుణకారముతో సంఖ్యలను కల్పించి, విరోధము లేని యే గణితనియమావళిలోనైనను, అది సామాన్య సంఖ్యాగణితమును చెప్పగలిగినదైనచో, దాని నియమములచే నిరూపింపజాలని నిజములు ఉండితీరునని నిరూపించెను. 1936లో అలాంజో చర్చి, అలన్ ట్యూరింగ్ అనువారు, ఏ తార్కికప్రశ్ననైనను తీర్చివేయు ఒక్క గణనపద్ధతి యుండనేరదని వేరువేరుగ చూపిరి. లైబ్నిట్జ్ పనిముట్లతోనే లైబ్నిట్జ్ యాశకు ఎల్ల ఏర్పడినది.

అట్లని ఆయన శ్రమ వృథ కాలేదు. ఆ 1, 0 అను రెండంకెలే నేటి కంప్యూటరునకు ప్రాణము. 1991లో వెలువడిన యూనికోడ్ అను సంకేతపట్టిక మొదటి కూర్పునందే తెలుగునకు చోటు లభించినది. అందు తెలుగు 'అ' సంఖ్య 3077. దానిని రెండంకెల పద్ధతిలో వ్రాసిన 110000000101 అగును. కన్నడపు 'అ' సంఖ్య 3205. తమిళపు 'అ' సంఖ్య 2949. తీసివేసి చూడుడు. తమిళమునకును తెలుగునకును నడుమ 128; తెలుగునకును కన్నడమునకును నడుమ మరల 128. 'క' అను అక్షరమును తీసికొన్నను 2965, 3093, 3221, అదే యెడము. మన భాషల వర్ణమాల ఒక్క యచ్చున నడచుచున్నది గనుక పట్టికను కట్టినవారు ఇరుగుపొరుగు ఇండ్లవలె వానిని సరిసమానముగ అమర్చిరి. ఎవరి యిల్లు వారిది. ఒక యింటికొరకు మరియొక యింటిని పడగొట్టలేదు. అంకెలు భాషలను తొలగించి వాని స్థానమున కూర్చుండునని లైబ్నిట్జ్ కలగనెను. అంకెలు భాషలను మోయు బండ్లయినవి. సిరిభూవలయమునందువలెనే ఇచ్చటను అంకె వెనుక దేశభాష భద్రముగ నున్నది.

నేడు యంత్రములు ఒక భాషనుండి వేరొక భాషకు అనువదించుచున్నవి. ప్రశ్నలకు జవాబులు చెప్పుచున్నవి. వానిలోను మాట కొక యంకెల వరుస యుండును. లైబ్నిట్జ్ కోరినట్లు అర్థమునకు అంకె దొరకినట్లే కదా యని మీరనవచ్చును. కాని ఈ యంకెలను ఏ తత్త్వవేత్తయు మూలతలంపులనుండి తీయలేదు. మనుష్యులు వ్రాసిన వ్రాతలను రాసులుగ పోసి, ఏ మాట ఏ మాటల ప్రక్కన ఎన్నిమారులు వచ్చినదో గమనించి యంత్రము వానిని కట్టుకొన్నది. ఎక్కువ వ్రాత గల భాషకు అంకెలు నిండుగ కుదురును. వ్రాత తక్కువైన భాషకు పలుచగ కుదురును. మన యూళ్ళలో తరతరములుగ పలుకుచున్న తెలుగు మాటలు, సేద్యపు మాటలు, పెండ్లిపాటలలోని మాటలు, కన్నడపు గాలి సోకి వంపు తిరిగిన మాటలు ఎవరును వ్రాయకున్నచో ఏ యంత్రమునకును వానికి అంకె తెలియదు.

లైబ్నిట్జ్‌కు ఈ రహస్యము తెలియకపోలేదని మా నమ్మకము. దివ్యభాషను గూర్చి కలలు కనిన ఆ మహానుభావుడే, పండితుల వ్రాతలలో లాటిన్, ఫ్రెంచి భాషలు చెల్లుచున్న కాలమున తన జర్మన్ భాషను పెంపొందింపవలెనని వ్యాసము వ్రాసెను. దేశదేశముల యాత్రికులకు లేఖలు వ్రాసి, చిన్నచిన్న జాతుల భాషలలోని మచ్చుమాటలను తెప్పించుకొనెను. రష్యా చక్రవర్తియగు మహా పీటరును 1711లో కలిసికొనిన పిమ్మట, ఆ సామ్రాజ్యమునందలి భాషలన్నిటి పదములను సేకరింపజేయవలసినదని ఆయనను కోరెను. ఒక్క భాష చాలునని నమ్మినవాడు ఇన్ని భాషలకొరకు ఇంత శ్రమపడునా?

కనుక "అందరికి నొక్కటి చాలదా?" అని ఎవరైన అడిగినప్పుడు మీరు సిగ్గుపడి తలవంచుకొన నక్కరలేదు, కోపింపను అక్కరలేదు. లెక్క వేయుటకు ఒక్క భాష చాలును. అది గణితము, అందరిది. లెక్కకు ముందు, దేనిని లెక్కింపవలెనో చెప్పుటకు మాత్రము ఎవరి మాట వారికి కావలెనని నెమ్మదిగ జవాబు చెప్పుడు. కన్నడము చక్కగ నేర్వుడు. లుల్ అరబ్బీని నేర్చినంత శ్రద్ధతో నేర్వుడు. లెక్కను మీ గణితోపాధ్యాయులు నేర్పుదురు. ఆ లెక్కకు ఎక్కవలసిన తెలుగు మాటను మాత్రము మీ యింటనుండి మీరే తేవలెను.